పద్నాలుగో వస్తువుకు ఒక దీపం

క్వార్టర్ల నిర్వహణాధికారి గారి సముఖమునకు,

అదే కార్యాలయమున, తమ గది తలుపునకు ఎదురుగా మూడవ బల్ల వద్ద కూర్చుండు సీనియర్ సహాయకుడు వ్రాసుకొను అర్జీ.

అయ్యా,

విషయం: సి-వరుస, ఏడవ నంబరు క్వార్టరు – అప్పగింత జాబితాలోని పద్నాలుగవ వస్తువు (బల్లి, గడ్డము గలది, ఒకటి) – దానికి వేడినిచ్చు దీపమును స్వాధీనపరచుకొనుట – సదరు దీపమును వెంటనే తిరిగి ఇప్పించుట – గురించి.

సూచిక: 1) ఉష్ణ పరికరముల నిషేధ సర్క్యులరు. 2) క్వార్టరు అప్పగింత జాబితా. 3) మొన్న శుక్రవారము తమ గదిలో తమరు నాతో అన్న మాట: "రాసి పెట్టండి, చూద్దాం."

మూడవ సూచికను అనుసరించి రాసి పెట్టుచున్నాను. రోజుకు ఇరవైసార్లు తమ గదిలోకి వచ్చిపోవు మనిషిని, తమరికి ఏ సంతకము ఎక్కడ పెట్టవలెనో వేలితో చూపించు మనిషిని, ఇట్లు ఆదివారము పూట ఇంట్లో కూర్చుని తమకే అర్జీ రాయవలసి వచ్చినది. నోటిమాటకు ఫైలు ఉండదని ఇరవై ఆరేళ్లుగా వచ్చిన వారికందరికీ చెప్పి తిప్పి పంపినవాడిని నేనే గనుక తమరిని తప్పు పట్టుటకు నోరు రాదు.

నా మనవులు ఈ క్రింది విధముగా ఉన్నవి.

1. నిరుడు వానాకాలమున నాకు సదరు క్వార్టరు కేటాయించబడినది. అంతకు ముందు అందులో కాపురమున్న డ్రాయింగు శాఖ ఇంజనీరు గారు బదిలీపై హడావిడిగా వెళ్లుచు, ముందుగదిలో ఒక గాజు పెట్టెను, అందులో ఒక జీవిని వదిలిరి. అది మూరెడు పొడవు, ఇసుక రంగు, మెడ క్రింద ముళ్ల గడ్డము. దీనిని బియర్డెడ్ డ్రాగన్ అందురట. "రెండ్రోజుల్లో వచ్చి పట్టుకెళ్తానండీ, కాస్త కనిపెట్టుకుని ఉండండి," అని చెప్పి ఆయన సామాను లారీ ఎక్కిరి.

స్టోరుకీపరు జాబితా తీసి ఫ్యాన్లు మూడు, ట్యూబులైట్లు నాలుగు అని రాయుచుండగా నేను అడ్డుపడితిని. ఉన్నది ఉన్నట్టు రాయవలసినదే, గోడకున్న మేకు కూడా వదలరాదంటిని.

"దాన్ని కూడా రాయమంటారా సార్?" అని అతడు గాజు పెట్టె వైపు చూపించెను.

"గదిలో ఉందా, లేదా?"

"ఉందండీ. నన్నే చూస్తోంది."

"మరి రాయవయ్యా."

రాసెను. పదమూడు: గాజు పెట్టె, దీపములతో సహా, ఒకటి. పద్నాలుగు: బల్లి, గడ్డము గలది, ఒకటి. 'స్థితి' అను గడిలో ఫ్యాన్లకు రాసినట్టే దీనికి కూడ 'పనిచేయుచున్నది' అని రాసెను. నేను సంతకము చేసితిని. దానిపై తమరు సంతకము చేసిరి.

రెండు రోజులన్న ఇంజనీరు గారు నెలకు ఫోను చేసిరి. "కొత్త ఇంటాయన ఒప్పుకోవట్లేదండీ. మీరే ఉంచేసుకోండి. చాలా మంచి ప్రాణి, పాపం," అనిరి. ఇచ్చివేయుటకు అది అప్పటికి ఆయనది కాదు. ఉంచుకొనుటకు నాదీ కాదు. జాబితాకెక్కిన పిమ్మట అది కార్యాలయపు సొత్తు. క్వార్టరు ఖాళీ చేయునాడు దానిని పనిచేయు స్థితిలో నేను తిరిగి అప్పగించవలెను.

2. సదరు జీవి పనిచేయుటకు వేడి కావలెను. మనకు వలె దానికి ఒంట్లో సొంత వేడి పుట్టదు. పెట్టెలో ఒక కొసన, రాతిపలక మీద, నలభై డిగ్రీలుండవలెను. రెండవ కొస పాతిక డిగ్రీలతో చల్లగా ఉండవలెను. అది తనకు కావలసినప్పుడు వేడికి, చాలినప్పుడు చల్లకు నడుచుకొనిపోవును. తిన్న తిండి అరుగుటకు కూడ ఆ వేడియే ఆధారము. ఎముకలకు వేరే తెల్ల ట్యూబు ఉన్నది. ఆ ట్యూబు వెలుతురు ఇచ్చును గాని వెచ్చదనమివ్వదు. ఈ తేడాను తమరు దయతో గుర్తుంచుకొనవలెను, ఎందుకనగా కార్యాలయము మొదటిదానిని పట్టుకొనిపోయి రెండవదానిని వదిలినది.

(పశువైద్యురాలు గారు ఇది బల్లి కాదు, తొండ జాతి అని చెప్పిరి. జాబితా సవరణకు వేరుగా అర్జీ పెట్టుకొందును.)

3. ఇక్కడ మా మామగారి గురించి చెప్పక తప్పదు.

మా ఆవిడ తండ్రి. కాగితపు మిల్లులో ముప్పై నాలుగేళ్లు బాయిలరు ఆపరేటరుగా చేసి రిటైరైన మనిషి. మా అత్తగారు పోయాక మా దగ్గరికి వచ్చారు. మొదటి ఏడాది ఆయన నాతో మాట్లాడిన మాటలన్నీ కలిపితే ఒక పోస్టుకార్డు నిండదు. "తిన్నాను." "వద్దండీ." "పడుకుంటాను." కిటికీ పక్కన కుర్చీ, కుర్చీలో ఆయన. మా ఆవిడ ఆసుపత్రిలో పసిపిల్లల వార్డు నర్సు. డ్యూటీ నుంచి వచ్చి నాన్నను చూసి వంటింట్లోకి పోయి కళ్లు తుడుచుకునేది. నేను పేపరు అడ్డం పెట్టుకునేవాణ్ణి.

బల్లిని చూసిన రోజున ఆయన "ఛీ ఛీ, ఇదెక్కడి పీడ అల్లుడుగారూ," అన్నారు. ఏడాదిలో అదే ఆయన పెద్ద వాక్యం. మర్నాడు పెట్టెలో థర్మామీటరు చూశారు.

"ఇది ముప్పై నాలుగే చూపిస్తోంది. ఇంజనీరుగారు పెట్టెకి అంటించిన కాగితంలో నలభై అని ఉందిగా. ఎవరు చూసుకుంటున్నారు దీన్ని?"

"ఎవరూ చూసుకోవట్లేదు మామగారూ. స్విచ్చి వేసి వదిలేస్తున్నాం."

బాయిలరుని గాలికొదిలేసి టీ తాగడానికి పోయిన కుర్రాణ్ణి చూసినట్టు చూశారు నన్ను. ఆ పూటే దీపానికి రేకు టోపీ చేశారు. గొలుసు కట్టి, వేలెడు వేలెడు దించుతూ, ఒక్కో ఎత్తులో అరగంట ఆగి కొలుస్తూ, సాయంత్రానికి సరిగ్గా నలభైకి తెచ్చారు. వేడి మీరితే తనంతట ఆగిపోయే మీట పెట్టారు. కర్టెన్లు పీకి పక్కగదిలో పడేశారు. తర్వాత గీతల నోటుబుక్కు ఒకటి తెప్పించుకుని గంటగంటకీ రాయడం మొదలుపెట్టారు. మిల్లులో అలాగే రాసేవారట. ఆ బుక్కులోంచి రెండు మచ్చులు తమ పరిశీలనార్థం:

"ఉదయం 8. వేడి కొస 40. చల్ల కొస 25. ఆకులు తిన్నారు. కీచురాళ్లు ఆరు. గుణం: ప్రసన్నం."

"ఉదయం 11. గడ్డం నలుపు. కోపం. కారణం: చీపురు."

తిన్నారు అని రాసింది బల్లి గురించే. ఆయన దాన్ని 'దొరగారు' అంటారు. మా వరుస పిల్లలు ఆయన్ని 'బాయిలరు తాత' అంటారు. బడి వదలగానే అరడజను మంది వచ్చి చుట్టూ కూర్చుంటే వాళ్లకి ఉష్ణోగ్రతల గురించి పాఠాలు. అన్నం దగ్గర మాట్లాడటం మొదలెట్టారు. ఒకరోజు కూరలో ఉప్పు తక్కువైందని కసిరారు. మా ఆవిడ పొంగిపోయి "విన్నారా, విన్నారా, నాన్న కసిరాడు!" అని నా వెంటపడి చెప్పింది.

అర్జీలో ఇంటి సంగతులు రాయరాదని నాకు తెలియును. క్షమించవలెను.

4. గత మాసమున బి-వరుసలో ఒకరింట గది హీటరు వల్ల కర్టెను కాలెను. మనుషులకేమియు కాలేదు. పైవారు తమరిని గట్టిగా అడిగిరి. దానిపై సర్క్యులరు వెలువడెను. "నివాస గృహములలో ఉష్ణమును వెలువరించు ఏ విద్యుత్ పరికరమునైనను, ఏ కారణము చేతనైనను, ఎంత స్వల్పకాలమునకైనను ఉపయోగించరాదు." వంటింటి పొయ్యి, నీళ్ల హీటరు, ఇస్త్రీ పెట్టె మాత్రము మినహాయింపు.

గత వారము శుక్రవారము ఉదయము గేటు కాపలాదారు, ఎలక్ట్రీషియను మా ఇంటికి వచ్చిరి. నేను కార్యాలయములో ఉన్నాను. జరిగినది మామగారు చెప్పగా రాయుచున్నాను.

"తాతగారూ, వేడొచ్చే సామాన్లన్నీ పట్టుకెళ్లాలండీ. ఆర్డరు."

"ఇది సామాను కాదు బాబూ. ఆయనకిదే పొయ్యి."

"పొయ్యయితే వంటింట్లో ఉండాలి కదండీ. వంటింటి పొయ్యికే మినహాయింపు."

"అయితే పెట్టెని వంటింట్లోకి మారుస్తాం. పట్టు ఆ చివర."

కాపలాదారు కాసేపు ఆలోచించాడట. "వంటింట్లో పెడితే... వండుతారా అండీ దీన్ని?"

వచ్చినవాళ్లిద్దరూ దీపం తీసుకుపోయారు. రసీదు ఇచ్చారు: బల్బు ఒకటి, రేకు టోపీ ఒకటి, గొలుసు మూరెడు. పదమూడవ వస్తువులో భాగమైన దీపమును, అనగా కార్యాలయపు సొత్తును, కార్యాలయమే కార్యాలయపు క్వార్టరు నుండి స్వాధీనపరచుకొని, కార్యాలయపు బీరువాలో భద్రపరచినది. ఇటువంటిది నా సర్వీసులో చూడలేదు.

5. ఆనాటి నుండి నేటికి తొమ్మిది రోజులు. గది వేడి పద్దెనిమిది దాటుట లేదు. మా వరండా ఉత్తరము వైపు. అక్కడ ఎండ రానే రాదు, క్రింద వాకిట పడు నాలుగు నిమిషాల ఎండకు మామగారు దానిని ఎత్తుకొని మెట్లు దిగి పరుగెత్తుచున్నారు. ఆయనకు మోకాళ్ల నొప్పులు.

మొదటి మూడు రోజులు అది గడ్డం నల్లగా చేసి అలిగింది. నాలుగో రోజున అలక మానేసింది. అదే మమ్మల్ని భయపెట్టింది. ఇప్పుడు కళ్లు మూసుకుని రాతిపలక మీద పడి ఉంటుంది. తిండి ముట్టదు. తినేవారు లేక డబ్బాలో కీచురాళ్లు ఇంటిని కచేరీ చేస్తున్నాయి. మా ఆవిడ వంటింటి త్రాసు మీద తూచింది. నాలుగు వందల పన్నెండు గ్రాములుండేది, నిన్నటికి మూడు వందల డెబ్బై ఒకటి.

నిన్న పశువైద్యురాలు గారు ఇంటికి వచ్చి పొట్ట నొక్కి చూశారు. "చలికాలపు నిద్ర కాదండీ ఇది. అలా నిద్రపోయేది బరువు తగ్గదు. దీని పొట్టలో పది రోజుల నాటి తిండి అరక్కుండా ఉండిపోయింది. వేడి లేకపోతే అది లోపలే కుళ్లుతుంది. మందు ఇవ్వగలను గానీ మందు పనిచెయ్యాలన్నా వేడి కావాలి. మహా అయితే రెండ్రోజులు, మూడ్రోజులు," అన్నారు. ఆమె ధ్రువపత్రము జతపరచితిని. అందులో ఇంత సూటిగా లేదు.

వేడినీళ్ల రబ్బరు సంచి ప్రయత్నించాం. దీనికి పొట్ట కింద కాలినా తెలియదట, అలాగే పడుకుని కాల్చుకుంటుందట, కనుక ఎవరో ఒకరు చెయ్యి పెట్టి కూర్చోవాలి. మామగారు కూర్చుంటున్నారు. మిగతా వేళల్లో దాన్ని చొక్కా లోపల, బనీనుకి ఆనించి పెట్టుకుని కుర్చీలో ఉంటున్నారు. అదే కిటికీ, అదే కుర్చీ. నోటుబుక్కు మానలేదు. గంటగంటకీ రాస్తున్నారు: 18. 18. 17. 18. గుణం అన్న గడిలో ఏమీ రాయడం లేదు.

మళ్లీ "తిన్నాను" "వద్దండీ" అంటున్నారు.

6. దీనిని వేరొక చోటికి తరలించరాదా అని తమరు అడుగవచ్చును. జాబితా వస్తువును క్వార్టరు దాటించుటకు తమ లిఖిత అనుమతి కావలెను. సోమవారమే దరఖాస్తు పెట్టితిని. నా దరఖాస్తును నేనే నమోదు చేసి, నేనే సిఫారసు రాసి, తమ ట్రేలో పెట్టితిని. మూడుసార్లు లోపలికి పోయి మూడుసార్లు 'మాట్లాడవలెను' అని తమ ఆకుపచ్చ సిరాతో తిరిగి వచ్చినది. మూడుసార్లు వచ్చి మాట్లాడితిని. మూడవసారి, అనగా మొన్న శుక్రవారము, సంభాషణ ఇట్లు జరిగినది:

"ఏమిటయ్యా నీ గోల? చలికాలం కదా, నిద్రపోతోందేమో. పాములు పోవట్లా?"

"డాక్టరుగారికి చూపిస్తానండీ. కానీ వేడి లేకపోతే..."

"ఒక స్వెట్టరు కుట్టించు."

"స్వెట్టరు ఉన్న వేడిని ఆపుతుందండీ. దానికి ఒంట్లో వేడే ఉండదు."

"తొండ ముదిరి ఊసరవెల్లి అయిందంటారే, అట్లా ఉంది. ఇవాళ నువ్వు బల్లికి దీపం అంటావు. రేపు ఇంకొకడు చేపలకి పొయ్యి అంటాడు. సర్క్యులరు చదివావా అసలు?"

చదివాను అన్నాను. తమరు నవ్వారు. నేను కూడా నవ్వాను. సబార్డినేటును కనుక నవ్వాను.

ఆ సమయమున తమ బల్ల క్రింద, తమ పాదముల వద్ద, ఎర్రగా వెలుగుచున్న రెండు కడ్డీల వస్తువును గురించి ఈ అర్జీలో నేను ప్రస్తావించుట లేదు. సర్క్యులరు నివాస గృహములకే వర్తించును. ఆ మాట చేర్చినది కూడ నేనే.

7. పైన చెప్పినది చదివి తమరికి నవ్వు వచ్చి ఉండును. రావలసినదే. ఈ సర్క్యులరును రాసినది నేను. సంతకము తమది, ప్రతి అక్షరము నాది.

తమరు నాకిచ్చిన చిత్తుప్రతిలో చివర ఒక వాక్యము ఉండెను: "పసిపిల్లలు, రోగులు, వృద్ధులు గల ఇళ్లకు తనిఖీ చేసి మినహాయింపు ఇవ్వవచ్చును." తమ చేతిరాతే. దానిని నేను కొట్టివేసి పక్కన నోట్ పెట్టితిని: "మినహాయింపు ఇచ్చినచో కాలనీ యావత్తు రోగులే అగుదురు." తమరు చదివి పకపక నవ్వి, "నీ బుర్రకి దండం పెట్టాలయ్యా," అని సంతకము చేసిరి. ఆ రోజంతా నేను నేల మీద నడవలేదు. 'ఏ కారణము చేతనైనను, ఎంత స్వల్పకాలమునకైనను' అన్న ముక్క దొరికినప్పుడు ఎంత సంతోషించానో తమకు తెలియదు. చీమ దూరే సందు లేకుండా రాశాను. ఇంటికి పోయి నలభై డిగ్రీల దీపం పక్కనే కూర్చుని అన్నం తిన్నాను. దీపమూ సర్క్యులరూ ఒకే ఇంటికి చెందినవని నా బుర్రకి తట్టలేదు! నా దృష్టిలో అది జాబితాలో పదమూడో వస్తువు, పరికరం కాదు. కాగితాల మీద బతికేవాడికి ఇంతకంటే ఏం తెలివి ఉంటుంది. ఎవరు తీసిన గోతిలో వాళ్లే పడతారంటారు. నేను తీసిన గోతిలో ఒక మూగజీవి పడింది, దాని వెనకాల మా మామగారు పడ్డారు, నేను మాత్రం ఒడ్డున నిలబడి లోతు కొలుస్తున్నాను.

మా ఆవిడకు తెలుసు. మొదటి రోజే, "మీరు రాసిన కాగితమేగా, మీరే కొట్టెయ్యండి," అంది. అలా కుదరదని, దానికో పద్ధతి ఉందని చెప్పాను. ఆమె రెండు రోజులు నాతో మాట్లాడలేదు. మూడో రోజున డ్యూటీ నుంచి వచ్చి చెప్పులు కూడా విప్పకుండా అడిగింది: "మా వార్డులో కిలోకి లోపున్న పిల్లలు ఉంటారండీ. దీపం కింద పెట్టే కదా బతికిస్తాం. మీరు పసిపిల్లలన్న మాట కొట్టేసేటప్పుడు మీకేం అనిపించలేదా?"

అనిపించలేదు. నిజం చెబుతున్నాను. సర్క్యులరులో ఒక వాక్యం తగ్గిందని అనిపించింది.

మామగారికి తెలియదు. ఆయన సర్క్యులరు కాగితాన్ని కళ్లద్దాలు పెట్టుకుని మూడుసార్లు చదివారు. "ఎవరు రాశారో గానీ మహా గట్టిగా రాశాడండీ. ఎక్కడా సందు లేదు. కానీ అల్లుడుగారూ, ఎంత గట్టి బాయిలరుకైనా సేఫ్టీ వాల్వు పెడతాం. లేకపోతే అది బాయిలరు కాదు, బాంబు. ఈయన అది మర్చిపోయినట్టున్నాడు," అన్నారు. ఎవరో పరాయివాడి గురించి మాట్లాడినట్టు, తప్పు పట్టకుండా, ఒక పనివాడు ఇంకో పనివాడి గురించి చెప్పినట్టు చెప్పారు. నేను తల ఊపాను.

8. ఉపాయములు చెప్పువారికి కొదవలేదు. డిస్పాచి గుమాస్తా "కోడిగుడ్లు పొదిగించే పెట్టె అని రాసెయ్యండి గురువుగారూ," అనెను. కోళ్లు కూడ నిషిద్ధమే, ఆ సర్క్యులరు కూడ నాదే. స్టోరుకీపరు "చచ్చిపోతే జాబితాలో 'పనిచేయుట లేదు' అని మార్చేద్దాం సార్, పాత ఫ్యాన్లకి అలాగే చేస్తాం," అనెను. అతడు చెడ్డవాడు కాడు. నిరుటి వరకు నేను కూడ అదే సలహా ఇచ్చి ఉందును. కాని పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం అన్నట్టు, మన గడిలో మారేది ఒక్క మాట, అక్కడ పోయేది ప్రాణం. ఆ ప్రాణం పోతే ఇంకొక ప్రాణం కుర్చీలో కూర్చునే ఉంటుంది, కాని పోయినట్టే లెక్క. నాకు భయముగా ఉన్నది అయ్యా.

9. కావున నేను కోరునది ఒక్కటే.

సదరు దీపమును, ఒక్కదానిని, పగటి పూట మాత్రము వెలిగించుకొనుటకు అనుమతి ఇప్పించవలెను. ఎలక్ట్రీషియనును పంపి తనిఖీ చేయించుకొనవచ్చును. ముప్పై నాలుగేళ్లలో ఒక్క ప్రమాదము లేని మనిషి దాని పక్కన కూర్చుండును. కార్యాలయమే అది పనిచేయు స్థితిలో ఉండవలెనని నా చేత సంతకము చేయించుకొన్నది, కార్యాలయమే అది పనిచేయకుండునట్లు ఉత్తర్వు వేసినది. ఈ రెండింటిలో ఏది తమ ఆజ్ఞయో సెలవిచ్చినచో అట్లే నడుచుకొందును.

అదే కలముతో ఆ కొట్టివేసిన వాక్యమును కూడ సర్క్యులరులో తిరిగి చేర్చవలెనని మనవి. ఏ ఇంట్లో పసిబిడ్డ వణుకుచున్నదో నాకు తెలియదు. వారెవరూ అర్జీ పెట్టలేదు. పెట్టరు, మన సర్క్యులరులు చదివినవారు అర్జీలు పెట్టరు. ఆ సంగతి తమకన్నా నాకే బాగా తెలియును.

నిబంధన ప్రకారము అర్జీకి జవాబిచ్చుటకు తమకు పదిహేను రోజుల గడువున్నది. డాక్టరుగారి లెక్కలో నాకు రెండు రోజులున్నవి. ఈ రెండు లెక్కలను పక్కపక్కన పెట్టి, పెద్ద మనసుతో చిత్తగించవలెను.

ఈ వాక్యము రాయుచున్న క్షణము వరకు
తమ విధేయుడు,
సీనియర్ సహాయకుడు, మూడవ బల్ల.

జతపరచినవి: పశువైద్యురాలి ధ్రువపత్రము, ఒకటి. అప్పగింత జాబితా నకలు, ఒకటి. నోటుబుక్కు పుటల నకళ్లు, తొమ్మిది.

తా.క. పై అర్జీని ఉదయం పదకొండింటికి ముగించి, కవరులో పెట్టి, జిగురు రాసి లేచాను. మామగారి కుర్చీ దగ్గరికి వెళ్లాను. ఆయన చొక్కా గుండీల మధ్యలోంచి దాని తల కనబడుతోంది. "ఊపిరి ఉందా మామగారూ?" అని అడిగాను. "ఉందండీ. నిమిషానికి ఎన్నో లెక్కపెడుతున్నాను," అన్నారు. ఆయన లెక్కపెడుతూనే ఉన్నారు, పెదాలు కదులుతున్నాయి.

చెప్పేశాను. ఆ సర్క్యులరు రాసింది నేనేనని, వాల్వు మర్చిపోలేదని, ఉన్నదాన్ని నేనే పీకేశానని చెప్పాను. నిలబడే చెప్పాను. మా ఆవిడ వంటింటి గుమ్మంలో ఆగిపోయింది.

మామగారు లెక్క ఆపి నా వైపు చూశారు. తర్వాత అన్నారు: "తిట్టడం తర్వాత చూసుకుందాం. ముందు బల్బు తెచ్చి బిగించండి."

స్వాధీన వస్తువుల బీరువా తాళం నా దగ్గరే ఉంటుంది. ఆదివారమైనా ఆఫీసుకి వెళ్లాను. రిజిస్టరులో రాశాను. వస్తువు: బల్బు, టోపీ, గొలుసు. తీసుకున్నవారు: నేను. అనుమతి: లేదు. కారణం: చలి. కాపలాదారు గేటు దగ్గర సంచిలోకి తొంగిచూశాడు. "దొరగారికాండీ?" అని అడిగి, గేటు తీసి, పక్కకి తిరిగి బీడీ ముట్టించుకున్నాడు. అతని మీద చర్య తీసుకోవద్దు, అతను నన్ను చూడలేదు.

ఇప్పుడు మధ్యాహ్నం రెండు. వేడి కొస ముప్పై తొమ్మిది. కాళ్లు చాపింది. ఒక కన్ను తెరిచింది. ఇంకా ఏమీ తినలేదు. దక్కుతుందో లేదో తెలియదు, డాక్టరుగారు సాయంత్రం వస్తామన్నారు. మామగారు పెట్టె పక్కన నేల మీద కూర్చుని నన్ను తిట్టడం మొదలుపెట్టారు. ముప్పావుగంట నుంచి తిడుతూనే ఉన్నారు. ఇంత మాట్లాడగలరని నాకు తెలియదు. మా ఆవిడ మంచినీళ్లు తెచ్చి ఆయనకిచ్చింది, నాకు ఇవ్వలేదు.

ఉత్తర్వును ఉల్లంఘించినందుకు, స్వాధీనంలో ఉన్న వస్తువును తీసుకుపోయినందుకు నా మీద జారీ చేయవలసిన ఛార్జి మెమో ముసాయిదా దీనితో జతపరుస్తున్నాను. సెక్షన్లో ఛార్జి మెమోలు రాసేది నేనే గనుక తమకి శ్రమ లేకుండా రాసేశాను. అభియోగాలు మూడు. ఎక్కడా సందు లేదు. తమరు సంతకం చేస్తే చాలు.

కానీ ఈ దీపం మళ్లీ ఆర్పమని ఉత్తర్వు వెయ్యదలిస్తే మాత్రం, అయ్యా, అది తమరే రాసుకోవాలి. నేను రాయను.